బడ్జెట్‌కు సమాన గుర్తు చాలదు

ఇంటి ఖర్చుల్లో “సరిగ్గా ఇంత” అనే మాట అరుదు, హద్దులే ఎక్కువ. హద్దును రాసే పద్ధతి అసమీకరణం. “మించకూడదు”, “లోపు” అంటే ≤. “కనీసం”, “తగ్గకూడదు” అంటే ≥. <, > గుర్తులు 1631లో, థామస్ హారియట్ మరణించిన పదేళ్లకు, ఆయన పుస్తకంలో అచ్చయ్యాయి.

ప్రొద్దుటూరు బంగారు అంగట్లో పెళ్లి నగకు 2,00,000 రూపాయలు దాటకూడదని అనుకుందాం. గ్రాము 10,000, తరుగు, మజూరీ కలిపి 10 శాతం, ఆ మొత్తంపై జీఎస్టీ 3 శాతం. గ్రాముకు పడేది 11,330. బరువు ‘గ’ గ్రాములైతే 11,330గ ≤ 2,00,000. అంటే గ విలువ సుమారు 17.65 దాటరాదు. బోర్డు ధరతోనే భాగిస్తే 20 గ్రాములు వస్తాయనిపిస్తుంది. ఆ రెండు గ్రాముల పైచిలుకే బిల్లు దగ్గర కుటుంబాన్ని అప్పులోకి నెడుతుంది. ఈ లెక్క ప్రతి బడిలోనూ చేయించాల్సినది.

పులివెందుల అరటి రైతుకు గుర్తు తిరగబడుతుంది. పెట్టుబడి 1,50,000, టన్ను ధర 8,000, దిగుబడి ‘ట’ టన్నులు అయితే, నష్టం రాకూడదంటే 8,000ట ≥ 1,50,000. ట ≥ 18.75. టన్నుల్లోనే తూకమైతే 19 కావాలి. ఖర్చు హద్దులో భిన్నాన్ని కిందికి, రాబడి హద్దులో పైకి సవరించాలి.

జమ్మలమడుగు నుంచి గండికోట విహారానికి బస్సు 6,000, పిల్లవాడికి భోజనం 60, పరిమితి 10,000, పిల్లల సంఖ్య ‘ప’ అనుకుంటే 6,000 + 60ప ≤ 10,000. గరిష్ఠంగా 66 మంది. బస్సులో సీట్లు 50 అయితే ప ≤ 50 కూడా రాయాలి. రెండింటిలో బిగువైనదే చెల్లుతుంది.