కప్పు అంచున పూలతీగ

గోడ ఎండకు అడ్డు. కప్పు వానకు అడ్డు. ఆ రెండూ కలిసే చోట ఒక పూలతీగ ఎందుకు? అవసరమును మాత్రమే లెక్కించువారికి ఈ ప్రశ్న సహజమే. అయినను ఆ తీగ కావాలని ముచ్చటపడని ఇల్లు అరుదు.

మా హైదరాబాదులో ఈ ముచ్చటకు దీర్ఘమైన చరిత్ర ఉన్నది. 1591లో వెలసిన చార్మినారు మీది పూలను, పైగా వంశీయుల సమాధుల మీది లతలను చూచినవారు అవన్నీ రాతిలో చెక్కినవని భ్రమపడతారు. వాటిలో అధికభాగం గచ్చుపని. నూరిన సున్నమును తడి ఆరకముందే చేతితో తీర్చిన నేర్పు అది. తరువాత ప్లాస్టర్ ఆఫ్ పారిస్ వచ్చినది. జిప్సమును సుమారు 150 డిగ్రీల వేడిలో ఉంచితే అందలి నీటిలో నాల్గింట మూడు వంతులు పోయి పొడి అవుతుంది. ఆ పొడికి తిరిగి నీరు చేర్చితే నిమిషాలలో గట్టిపడుతుంది. నేడు థర్మోకోలు తీగల వంతు. అందులో నూటికి 95 పాళ్ళకు పైగా గాలియే! రెండు మీటర్ల బద్దను రెండు వేళ్ళతో ఎత్తవచ్చును.

మా చెల్లెలి నికాహు నిశ్చయమైనపుడు, ముందుగదికీ నడిమిగదికీ ఈ తీగలు పెట్టించమని అమ్మీ కోరినది. ముందుగది పొడవు 12, వెడల్పు 10 అడుగులు. చుట్టుకొలత 44 అడుగులు. రెండు మీటర్ల బద్దలు 7 సరిపోతాయి. కోతలో పోవుదానికి మరొకటి. లెక్క తేలికయే. చిక్కు కప్పు మూలనున్న చెమ్మ మచ్చతో వచ్చినది. “తీగ అంటిస్తే మచ్చ కనపడదు సార్” అన్నాడు దుకాణదారు. మామూజాన్ మాత్రం, “బేటా, పెళ్ళివారు ఒక పూట చూచి వెళతారు. ఈ కప్పు కింద మీ అమ్మీ ఏళ్ళ తరబడి ఉండాలి” అన్నారు.

ఆ మాట మాకు నచ్చినది. దాచిన సొమ్ములో అధికభాగం డాబా మీది పగులు పూడ్పించుటకు వెచ్చించి, కప్పు పూర్తిగా ఆరువరకు వేచియున్నాము. మిగిలిన దానితో ముందుగది ఒక్కటే అయినది. నడిమిగది బోసిగా ఉన్నదని అమ్మీ కొన్నాళ్ళు ముభావంగా ఉన్నది.

పని నేర్పు మూలలలో తెలుస్తుంది. బద్దను 45 డిగ్రీల వాలుకు కోసి, రెండింటిని జతచేస్తే లంబకోణం ఏర్పడుతుంది. ఎడమకు, కుడికి వాలు తారుమారైతే బద్ద వ్యర్థమే. పాత గోడలు సరిగా 90 డిగ్రీలు ఉండవు గనుక ముందు చిన్న ముక్కతో సరిచూచుకొనవలె. జిగురు నీటితో కలిపినదై ఉండవలె. పెట్రోలు, థిన్నరు వంటివి తగిలితే థర్మోకోలు కరిగిపోతుంది. సున్నపు పొడి రాలే గోడను తుడవక అంటిస్తే, జిగురు గోడను గాక పొడిని పట్టుకొంటుంది.

మరొక మాట. జిప్సము తనలోని నీటి వలన మంటకు కొంత ఓర్చుకొంటుంది. థర్మోకోలు మాత్రం 100 డిగ్రీల ప్రాంతమున మెత్తబడుతుంది. అంటుకొంటే నల్లని పొగ చిమ్ముతూ బొట్లుబొట్లుగా మండుతుంది. వంటగదికి అది పనికిరాదు. మన వార్షికోత్సవ వేదికపై అమర్చు థర్మోకోలు అక్షరాలను కూడా దీపాలకు దూరముగా ఉంచవలెనని కమిటీవారికి మా మనవి.

అలంకారములు కావ్యశరీరమునకు హారముల వంటివని మమ్మటుడు చెప్పినాడు. ప్రాణము లేని దేహమునకు కుండలములు శోభనీయవని అంతకుముందే అభినవగుప్తుని అభిప్రాయము. మా విద్యార్థుల వ్యాసాలు దిద్దునపుడు ఉపమానాల వరుస కనబడగానే, ఇపుడు మేము కొంచెము ఆగి, దాని వెనుక చెమ్మ ఉన్నదేమోనని తట్టి చూస్తున్నాము. గోడ పొడిగా ఉంటే ఆ తీగకు మా మార్కులు తప్పవు.