కాలమును త్రవ్వుట

గడచిన వానకాలమున మా తొమ్మిదవ తరగతి బాలుడొకడు తాను చదివిన కథ నొకదానిని నాకు వినిపించెను. అందు గనిపనివారు కాలమును తమ యిచ్చవచ్చినట్లు జరిపి, లక్షల యేండ్లకుగాని పండని స్ఫటికములను ఒక్క పూటలో పండించి త్రవ్వి తీయుదురట. “సార్, ఇది నిజముగా జరుగునా?” అని వాడడిగెను. “పాఠము చూచుకొనుము, ఇట్టి కల్లలు పరీక్షకు రావు” అని కసరితిని. వాడు మారుమాటాడక కూర్చుండెను. ఇంటికి పోయిన పిదపను ఆ ప్రశ్న నన్ను విడువలేదు. ఏలయన నా బాల్యమంతయు అట్టి త్రవ్వకము చెంతనే గడచినది.

మాది కర్నూలు సీమ. తుగ్గలి, జొన్నగిరి ప్రాంతపు చేలలో తొలకరి వానకు పైమన్ను కొట్టుకొనిపోగా అప్పుడప్పుడు వజ్రములు బయల్పడుట పలువు రెరిగినదే. నేటికిని వానలు పడగానే ఎక్కడెక్కడివారో అచ్చట చేరి నేలచూపులు చూచుచు తిరుగుదురు. మా తండ్రిగారు అట్టివారిలో నొకరు. విత్తు వేయవలసిన దినములలో సొంత చేనిని విడిచి పరుల చేలలో రాళ్లు వెదకెడివారు. మా తల్లి కూలికి పోయి మమ్ము పోషించెను. సాయంకాలము ఆయన తువాలు మూట విప్పి, రాళ్లను దీపము చెంత పరచి, ఒక్కొక్కదానిని త్రిప్పి త్రిప్పి చూచుట నా కన్నులకు కట్టినట్లున్నది. అన్నియు పలుగురాళ్లే. పదునాలుగు తొలకరు లిట్లు గడచినవి. ఒక యేడు నా బడి జీతమునకు దాచిన రూకలు కూడ ఆ దారినే పోయినవి. ఆ సంవత్సరము నేను బడి మానితిని. ఈ మాట వ్రాయుటకు నా కింతకాలము పట్టినది.

ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో నుండగా భూగర్భశాస్త్ర గ్రంథము నొకదానిని చదివి, ఆయన వెదకిన దేమో తెలిసికొంటిని. వజ్రము బొగ్గులోనుండు కర్బనమే. నేలకు సుమారు 150 కిలోమీటర్ల క్రింద, వేయి డిగ్రీల వేడిలో, ఊహింపరాని ఒత్తిడిలో అది గట్టిపడును. పిదప అగ్నిపర్వత నాళముల గుండ పైకి వచ్చును. అనంతపురము సీమలోని వజ్రకరూరు నాళములు దాదాపు 110 కోట్ల యేండ్ల నాటివి.

మన పిల్లలలో అనేకులు గోలకొండ కోటలోనే వజ్రములు దొరకెనని తలంతురు. గోలకొండ అంగడి మాత్రమే. గనులు కృష్ణాతీరమున కొల్లూరు మొదలగు చోట్ల నుండెను. 17వ శతాబ్దమున ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే కొల్లూరును చూచి, అచ్చట స్త్రీలు, పురుషులు, పిల్లలు కలిసి 60,000 మంది పనిచేయుచుండిరని వ్రాసెను. పురుషులు పది పదునాలుగు అడుగుల లోతు త్రవ్వుదురు. స్త్రీలు, పిల్లలు ఆ మన్ను మోయుదురు. దానిని గోడలు కట్టిన మడిలో పోసి, నీటితో నానబెట్టి, బురద వడిసిన పిదప ఎండబెట్టి, ధాన్యమువలె తూర్పారబట్టి, రోకళ్లతో దంచి, మరల చెరిగి, మిగిలిన దానిలో వెదకుదురు. తట్ట మోసిన పిల్లల పేళ్లు ఏ గ్రంథమునను లేవు.

ఆ బాలుని ప్రశ్నకు వత్తును. మనుష్యుడు కాలమును కుదింపలేదా? కుదించెను. 1954 డిసెంబరు 16వ తేదీన అమెరికాలో ట్రేసీ హాల్ అను శాస్త్రజ్ఞుడు గొప్ప ఒత్తిడిని, వేడిని కలిగించు యంత్రములో ఒక గంటకు లోపలనే సన్నని వజ్రములను చేసెను. స్వీడనువారు 1953లోనే చేసియు బయటపెట్టరైరి. మన ప్రభుత్వము కూడ 2023లో ఇట్టి వజ్రముల పరిశోధనకై మద్రాసు ఐఐటీకి ఐదేండ్లకు 242 కోట్ల రూపాయలు కేటాయించినది.

అంత దూర మేల? పటాన్‌చెరువులో మందుల కర్మాగారమున పనిచేయుచున్న నా పూర్వ విద్యార్థి యొకడు ఒక ఆదివారము ఆరాధన ముగిసిన పిదప తన పనిని నాకు వివరించెను. మందును వేడి ద్రావకములో కరగించి, రియాక్టరును మెల్లమెల్లగా చల్లార్చుదురట. నడుమ అదే మందు స్ఫటికములను చిటికెడు విత్తనముగా చల్లుదురట. “తొందరపడి చల్లార్చినచో ఏమగును?” అంటిని. “సన్నని పొడి యగును సార్. వడపోత బిగిసిపోవును, మలినము లోపలనే చిక్కుకొనును. రాత్రియంతయు కాచుకొని కూర్చుండవలసినదే” అనెను. వాని కన్నులు నిద్రలేమిచే ఎఱ్ఱబారియుండెను.

స్ఫటికములు తీయగా మిగిలిన ద్రవమును శుద్ధిచేయుటయు అంతే ఓర్పుగల పని. ఆ ఓర్పు కొఱవడినందున నక్కవాగు ఏమైనదో ఈ పత్రిక చదువు తల్లిదండ్రులకు నేను చెప్పనక్కరలేదు. ఈ ప్రాంతపు కాలుష్యము 1990లో సుప్రీంకోర్టు కెక్కినది. 2007లో స్వీడను శాస్త్రజ్ఞులు ఇచ్చటి శుద్ధికేంద్రము విడుచు నీటిలో సిప్రోఫ్లాక్సాసిన్ అను మందు లీటరునకు 31 మిల్లీగ్రాముల వరకు ఉన్నదని ప్రకటించిరి.

మరునాడు ఆ బాలుని పిలిచి, కసరినందుకు విచారము తెలిపితిని. ఇరువురము ప్రయోగశాలలో పటికను వేడినీటిలో కరగించితిమి. పాఠశాల వార్షికోత్సవమునకు చూపవలెనను ఆత్రముతో నేను నా గిన్నెను మంచునీటిలో నుంచితిని; అడుగున నలుసులు మాత్రము దిగినవి. వాడు చిన్న పటిక తునకను దారమునకు కట్టి వ్రేలాడదీసి, గిన్నెపై కాగితము కప్పి, దినమునకొకసారి చూచుచు వచ్చెను. మూడు వారములకు అది రేగుపండంత యైనది. మెచ్చుకోలు వానికే వచ్చినది, న్యాయమే.

ఆ స్ఫటికమును ఒక రాత్రి ఇంటికి తెచ్చితిని. మా తండ్రిగారు ఇప్పుడు నాయొద్దనే యున్నారు; చూపు మందగించినది. యంత్రములో వజ్రములు చేయుదురని చెప్పగా, “ఎంతసేపు పట్టునురా?” అని యడిగిరి. చెప్పితిని. చాలసేపు మాటాడలేదు. పిదప చేయి చాచి పటికను తీసికొని, దీపము చెంతకు జరిగి, మునుపటివలెనే త్రిప్పి త్రిప్పి చూచిరి.

“ఇది పలుగురాయి కాదు” అనిరి.

“కాదు నాయనా, పటిక. మా బడిపిల్లవాడు చేసినాడు.”

“వాని బడి మాన్పింపకుము” అని, దానిని నా చేతిలో పెట్టిరి.