నమూనాలో మా తండా లేదు



మొన్న ఆదివారం హాస్టల్ నుంచి నలుగురం నాగార్జునకొండ వెళ్లాం. బస్సుకీ లాంచీకే ఈ నెల డబ్బులన్నీ అయిపోయాయి, అది వేరే కథ.

గైడ్‌ని పెట్టుకునే స్తోమత లేక ఫోన్‌లో ఆడియో దించుకున్నాం. ఉన్నది ఒకటే ఇయర్‌ఫోన్, ఇద్దరం చెరో చెవిలో పెట్టుకున్నాం. ఇక్ష్వాకుల విజయపురి, 1954 నుంచి 1960 దాకా తవ్వకాలు, సాగర్ నీళ్లు నిండకముందే కట్టడాల్ని కొండ మీదికీ అనుపుకీ తెచ్చి మళ్లీ నిలబెట్టడం, అన్నీ చక్కగా చెప్పింది.

మ్యూజియంలో మునిగిన లోయ నమూనా ఉంది. అక్కడే చాలాసేపు నిలబడిపోయా. మా దాది పుట్టిన తండా ఆ లోయలోదే. ఏడేళ్ల పిల్లగా నెత్తిన ముల్లె పెట్టుకుని నడిచొచ్చిందట. నమూనాలో స్తూపాలు, విహారాలు కనిపించాయి. తండా లేదు. ఆడియో వెనక్కి తిప్పి మళ్లీ విన్నా. అందులోనూ లేదు.

స్తూపాల్ని కాపాడినోళ్లకి దండమే పెడతా. కానీ మా దాది వాళ్లని అడిగినోళ్లు లేరు.

రాత్రి ఆమెకి ఫోన్ చేశా. బావి, చింతచెట్లు, ఎవరి గుడిసె పక్కన ఎవరిది, నలభై నిమిషాలు మా గోర్ భాషలోనే చెప్పింది. మొత్తం రికార్డు చేసుకున్నా.

పోలవరం ముంపు నుంచి వచ్చిన కోయ, కొండరెడ్డి తమ్ముళ్లూ, మీ పెద్దోళ్లవి ఎవరైనా రికార్డు చేశారా?