మిగిలిన పది నిమిషాలు

హౌరా నుండి బయలుదేరిన రైలు సుమారు 115 కిలోమీటర్లు ప్రయాణించి ఖరగ్‌పూర్ చేరుతుంది. మద్రాసుకు పోయే మార్గమూ, నాగపూరు మీదుగా బొంబాయికి పోయే మార్గమూ అక్కడే చీలిపోతాయి. ఇరవయ్యో శతాబ్ది ఆరంభంలో బెంగాల్ నాగపూర్ రైల్వే వారి కార్ఖానా చుట్టూ ఆ పట్టణం పెరిగింది. శ్రీకాకుళం, విశాఖపట్నం ప్రాంతాల నుండి పొట్ట చేతపట్టుకొని వెళ్లిన తెలుగు కుటుంబాలు తరతరాలుగా అక్కడే స్థిరపడ్డాయి. బెంగాలీలు, ఒరియాలు, బీహారీలు, తమిళులు, ఆంగ్లో ఇండియన్లు వారికి ఇరుగుపొరుగులైనారు.

అటువంటి రైల్వే పట్టణాలకు ఒక ప్రత్యేకత ఉండేది. ఒక ఇంట తెలుగు భజన, మరొక ఇంట రవీంద్ర సంగీతం వినవస్తూ ఉంటే, రైల్వే ఇన్‌స్టిట్యూటు హాలులో పియానో, శాక్సొఫోను, డ్రమ్ములు మ్రోగేవి. క్రిస్మస్ దినాలలో ఆంగ్లో ఇండియన్ కుటుంబాల వారు అక్కడ జంటలు జంటలుగా నృత్యం చేసేవారు. 1947 తరువాత వారిలో అనేకులు ఇంగ్లండుకు, ఆస్ట్రేలియాకు, కెనడాకు తరలిపోయారు. హాళ్లలో సందడి క్రమంగా సన్నగిల్లింది. కాని ఆ సంగీతం మీద మోజు మాత్రం మన దేశంలో మిగిలిపోయింది. సిలోన్ రేడియో దానిని సజీవంగా నిలిపింది. పాశ్చాత్య గీతాలు పాడి జీవనం సాగించదలచిన యువకులకు కలకత్తా పార్కు వీధిలోని హోటళ్లు ఆశ్రయమైనాయి. దక్షిణాది నుండి ఆ కొలువుల కోసం రైలెక్కినవారు ఖరగ్‌పూర్ దాటి వెళ్లవలసినదే.

1960లలో కలకత్తా వేదికలపై పాడిన దక్షిణాది యువకులలో బిడ్డు అప్పయ్య ఒకరు. పేరు చూచి తెలుగువారేమో అని భ్రమపడవచ్చు. కాని ఆయనది కొడగు కుటుంబం, పెరిగినది బెంగళూరు. మిత్రులతో కలిసి ‘ట్రోజన్స్’ అనే బృందాన్ని నెలకొల్పి బెంగళూరు, కలకత్తా, బొంబాయి నగరాలలో పాడారు. బృందం విచ్చిపోయిన తరువాత కూడా మానక, ఒంటరిగా గిటారు పట్టుకొని పాడారు. ఆయనకు ఉన్న కోరిక ఒక్కటే: గొప్ప గాయకుడు కావాలి.

ఆ కోరికతోనే 1967లో ఇంగ్లండుకు ప్రయాణమైనారు. విమానానికి డబ్బు లేదు. పశ్చిమాసియా దేశాల మీదుగా, దారిన పోయే వాహనాలను ఆపి ఎక్కుతూ, మజిలీలలో పాటలు పాడి భోజనం సంపాదించుకుంటూ లండన్ చేరారు. అక్కడ చిల్లర పనులు చేస్తూ కాలం గడిపారు. అదే సంవత్సరం ఆయన పాడిన రికార్డు ఒకటి విడుదలయింది కాని దానిని ఎవరూ పట్టించుకోలేదు. భారతదేశం నుండి వచ్చిన యువకుడు ఇంగ్లీషు ప్రేమగీతాలు పాడతానంటే తలుపు తెరిచే కంపెనీలు ఆనాడు లండన్‌లో అరుదు.

అప్పుడు ఆయన మైక్రోఫోను ముందు నుండి అద్దం వెనుకకు మారారు. రికార్డు నిర్మాత అయినారు. సినీ నిర్మాత వలె పెట్టుబడి పెట్టేవాడు కాడు రికార్డు నిర్మాత. పాటను ఎన్నుకోవడం, దానికి తగిన కంఠాన్ని వెదకడం, వాద్యకారులను కూర్చడం, ఏ వాద్యం ఎంత మేరకు వినిపించాలో తేల్చడం అతని పని. స్టూడియో అద్దె గంటల లెక్కన పెరుగుతూ ఉంటుంది. గడియారం మీద ఒక కన్ను ఉంచక తప్పదు. 1969లో జపాను దేశపు ‘టైగర్స్’ బృందానికి ఆయన ఇంగ్లీషులో ఒక రికార్డు చేసి ఇచ్చారు. ఆపైన ఆయన మనసు అమెరికా నల్లజాతివారి సంగీతం వైపు మొగ్గింది. అందులో ‘సోల్’ చర్చి భజనల ఆవేశాన్ని లౌకిక ప్రేమలోకి మళ్లించిన గానం. ‘ఫంక్’ తాళప్రధానమైనది, అందులో రాగం కంటే బేస్ గిటారు, డ్రమ్ములు ముందు నడుస్తాయి, తాళంలోని మొదటి దెబ్బ మీద బలమంతా పడుతుంది.

1974లో ఆయన కార్ల్ డగ్లస్ అనే గాయకునితో ఒక రికార్డు తలపెట్టారు. డగ్లస్ జమైకాలో పుట్టినవాడు. స్టూడియో మూడు గంటలకు మాత్రమే దొరికింది. ముఖ్యమైన పాటకే రెండు గంటలకు పైగా పట్టింది. రికార్డుకు రెండో వైపు కూడా ఏదో ఒకటి ఉండాలి కదా! డగ్లస్ వ్రాసి తెచ్చిన సాహిత్యంలో కుంగ్ ఫూ మల్లయుద్ధం గురించిన వరుసలున్నాయి. బ్రూస్ లీ చిత్రాలు ప్రపంచాన్ని ఊపుతున్న కాలమది. బిడ్డు అప్పటికప్పుడు బాణీ కట్టారు. రెండో వైపు పాటను ఎవరూ వినరులే అన్న ధీమాతో, సమరవీరుల హుంకారాలను కూడా అందులో చేర్చారు. మిగిలిన పది నిమిషాలలో పాట పూర్తయింది.

పై రికార్డు కంపెనీ ప్రతినిధి రెండు పాటలూ విని, రెండో వైపు ఉండవలసిన దానినే మొదటి వైపుకు మార్చమన్నాడు. ‘కుంగ్ ఫూ ఫైటింగ్’ అనే ఆ పాట 1974 సెప్టెంబరులో బ్రిటన్‌లోను, డిసెంబరులో అమెరికాలోను ప్రథమస్థానానికి చేరింది. బాణీ భారతీయునిది, కంఠం జమైకా వానిది, కథ చైనా వారిది, తాళం అమెరికా నల్లవారిది, స్టూడియో ఇంగ్లీషువారిది. ఖరగ్‌పూర్ ప్లాట్‌ఫారం మీద నిలిచి ప్రయాణికులను చూచినవారికి ఇటువంటి కలయిక కొత్తగా తోచదు.

శ్రద్ధగా రెండు గంటలు చెక్కిన పాట మరుగున పడి, పది నిమిషాల పాట జగమంతా మారుమ్రోగడం అదృష్టమేనా? కొంతవరకు అదృష్టమే. అయితే ఆ పది నిమిషాల వెనుక పదేళ్ల పైబడిన సాధన ఉన్నది. హోటల్ వేదికల మీద శ్రోతల కాళ్లు ఎప్పుడు కదులుతాయో, ఎప్పుడు ఆగుతాయో రాత్రి వెంట రాత్రి గమనించిన మనిషి ఆయన. మొదటి పాటలో మెప్పించాలన్న భయం ఉన్నది. రెండో పాటలో అది లేదు. భయం తొలగిన చోట విద్య స్వేచ్ఛగా పలికింది.

1975లో ‘బిడ్డు ఆర్కెస్ట్రా’ పేర వాద్యసంగీతం వెలువడింది. 1976లో ఆయన నిర్మాణంలో టీనా చార్లెస్ పాడిన ‘ఐ లవ్ టు లవ్’ బ్రిటన్‌లో ప్రథమస్థానం పొందింది. ఇంత జరిగినా స్వదేశంలో ఆయనను ఎరిగినవారు కొద్దిమందే. ఆ కొరత 1980లో తీరింది. ఫిరోజ్ ఖాన్ తన ‘కుర్బానీ’ చిత్రానికి ఒక్క పాట కోరినారు. లండన్‌లో పెరుగుతున్న పదిహేనేళ్ల పాకిస్తానీ బాలిక నాజియా హసన్ చేత బిడ్డు ‘ఆప్ జైసా కోయీ’ పాడించారు. ఆ పాటకు ఆమె ఫిల్మ్‌ఫేర్ బహుమతి అందుకున్నది. 1981లో వచ్చిన ‘డిస్కో దీవానే’ సరిహద్దుకు ఇరువైపులా యువతను ఉర్రూతలూగించింది. ఆ గాలి తెలుగు సినిమా పాటను కూడా తాకింది. నాజియా 2000లో, 35 ఏళ్ల ప్రాయంలోనే, లండన్‌లో కన్నుమూశారు.

1995లో ఆలీషా చినాయ్ పాడిన ‘మేడ్ ఇన్ ఇండియా’ సినిమాతో సంబంధం లేని పాట కూడా ఇంటింటా మ్రోగగలదని నిరూపించింది. దాని రూపశిల్పి కూడా బిడ్డుయే. 2010లో వెలువడిన తన ఆత్మకథకు ఆయన ఆ పేరే పెట్టుకున్నారు.

ఈ పాటలన్నింటిలో ఎక్కడా ఆయన కంఠం మనకు గుర్తు రాదు. గాయకుడు కావాలని ఇల్లు వదలి వెళ్లిన మనిషి, ఇతరుల కంఠాలకు దారి చూపి కీర్తి గడించారు. రైల్వే కాలనీలలో పుట్టి పెరిగినవారికి ఈ సత్యం సులభంగా బోధపడుతుంది. బండి ఏ పట్టాల మీదకు మళ్లాలో నిర్ణయించే మనిషి కేబిన్‌లో ఉంటాడు. కిటికీ ప్రక్కన కూర్చున్న ప్రయాణికునికి అతడు కనిపించడు. కోరిన పీట దక్కనప్పుడు అలిగి ఇంటికి మరలిపోయేవారు అనేకులు. దక్కిన పీట మీద కూర్చొని, చేతనైన పనిని శ్రద్ధగా చేసేవారు కొందరే. వారి పేరు తెలియకపోయినా, వారు నడిపిన బండిలోనే లోకం ప్రయాణిస్తుంది.