వేరు చేయలేకపోతే

2025 సెప్టెంబరు నెలాఖరులో ఒక రాత్రి, ఇచ్ఛాపురానికి అవతల, బరంపురం సమీపంలో ఒడిశా పోలీసులు బస్సులు ఆపారు. లోపల వందమందికి పైగా అభ్యర్థులు. మరో వారంలో వాళ్ల రాష్ట్రంలో 933 ఎస్సై ఉద్యోగాలకు రాత పరీక్ష. ప్రశ్నలు ముందే చేతికి వస్తాయన్న ఆశతో విజయనగరం వైపు బయల్దేరారని పోలీసులు చెప్పారు. పరీక్ష వాయిదా పడింది, కేసు సీబీఐ దాకా వెళ్లింది. ఆ బస్సులు ఆగకపోతే పలాస, టెక్కలి మీదుగానే పోయేవి. ఇక్కడ తెల్లారగట్ల, లారీల వెలుతురులో, ఉద్యోగం కోసమే పరుగెత్తే పిల్లలను ఆ దారి రోజూ చూస్తుంది.

ఆ దారి పక్కనే ఉన్న మా ఉద్దానంలో సర్కారు కొలువు మీద ఇంత మోజెందుకని బయటివాళ్లు అడుగుతుంటారు. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను పడగొట్టిన కొబ్బరి, జీడి తోటలు మళ్లీ కాపుకు రావడానికి ఏళ్లు పట్టింది. కిడ్నీ జబ్బు ఒక ఇంట్లో అడుగుపెడితే ఉన్న కాస్తా దానికే పోతుంది. నెల తిరిగేసరికి జీతం వచ్చే మనిషి ఒకడుంటే ఆ ఇల్లు నిలబడుతుంది. అందుకే తీరం వెంట ఇసుకలో పరుగు, పగలు పుస్తకం. 2021 ఫిబ్రవరిలో సైన్యంలో జనరల్ డ్యూటీ సిపాయిల పరీక్ష ప్రశ్నపత్రం పుణెలో బయటపడింది. దేశమంతటా పరీక్ష రద్దు చేశారు. పుణె ఎక్కడ, మా వజ్రపుకొత్తూరు ఎక్కడ! అప్పట్లో ఆ పోస్టుకు వయోపరిమితి 21. "మళ్లీ ఎప్పుడంట్రా?" అని అమ్మ అడిగితే కుర్రాడు ఏం చెప్తాడు?

ఇలాంటి రద్దుల మీద కేసు నడిచినప్పుడు కోర్టు ముందు నిలిచేది మంచీచెడూ వేరు చేయగలమా అన్న ప్రశ్న. పలాసలో జీడిపప్పు ఏరే ఆడవాళ్లకు అది కొత్త కాదు. గుండు ఒక పక్కకు, బద్ద ఒక పక్కకు, పుచ్చు వేరే. నాలుగు పుచ్చులు తగిలాయని బస్తా పారబోయరు. సీబీఐ కానిస్టేబుళ్ల ఎంపిక కేసులో 2003లో సుప్రీంకోర్టు ఈ దారే పట్టింది. తప్పుగా ఎంపికైన 31 మంది ఎవరో తెలిసినప్పుడు మిగతావాళ్ల ఎంపికను ఎందుకు రద్దు చేయాలని అడిగింది. కానీ మోసం ఎంతవరకు పాకిందో తేలనప్పుడు మొత్తం రద్దును సమర్థించిన తీర్పులూ ఉన్నాయి. ఢిల్లీలో హెడ్ క్లర్కుల నియామకానికి 2009లో ప్రకటన వచ్చింది, 2016లో రద్దయింది, ఆ రద్దు సరైనదేనని సుప్రీంకోర్టు తేల్చేసరికి 2021 వచ్చింది. పన్నెండేళ్లు! దరఖాస్తు పెట్టిన నాడు పెళ్లి కానివాళ్ల పిల్లలు బడికి పోయే వయసుకు వచ్చి ఉంటారు.

తెలంగాణ గ్రూప్-1 చూడండి. 2022లో 503 పోస్టులకు ప్రకటన. అక్టోబరులో ప్రిలిమ్స్. లీకు బయటపడి 2023 మార్చిలో పబ్లిక్ సర్వీస్ కమిషనే దాన్ని రద్దు చేసింది. జూన్‌లో మళ్లీ పెట్టారు. ఈసారి వేలిముద్రలు తీసుకోలేదని అభ్యర్థులు కోర్టుకు వెళితే, సెప్టెంబరులో హైకోర్టు అదీ రద్దు చేసింది. 2024లో ప్రకటననే వెనక్కి తీసుకుని 563 పోస్టులకు కొత్తది ఇచ్చారు. ఒకే సిలబస్‌ను మూడుసార్లు చదివినవాళ్లలో వేలిముద్ర ఇవ్వనన్నవాడు ఒక్కడైనా ఉన్నాడా? తీసుకోనిది నిర్వాహకులు.

నిర్వాహకుల తప్పుకు అభ్యర్థులు నష్టపోయే ఈ చోటే నా మనసు ఆగుతుంది. పశ్చిమ బెంగాల్ పాఠశాలల నియామకాల్లో 25 వేలకు పైగా ఉద్యోగాలను 2025 ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు రద్దు చేసింది. మంచీచెడూ పూర్తిగా వేరు చేయడానికి కావలసిన అసలు ఓఎంఆర్ జవాబు పత్రాలు మిగల్లేదు. ఆ పత్రాలను భద్రపరచాల్సింది టీచర్లు కాదు. తప్పు రుజువు కానివాళ్లు జీతం తిరిగి కట్టనక్కర్లేదని, కొత్త ఎంపికలో వాళ్లకు వయసు సడలింపు ఉంటుందని కోర్టు చెప్పింది. మంచి మాటే. అయినా ఇల్లు కట్టుకుని, అప్పు తెచ్చుకుని, ఏళ్ల తరబడి పాఠం చెప్పిన మనిషి మళ్లీ హాల్ టికెట్ పట్టుకుని వరుసలో నిలబడాల్సి వచ్చింది.

అలాగని రద్దులు వద్దని నేననను. కొన్న ప్రశ్నపత్రంతో ర్యాంకు తెచ్చుకున్నవాడు కూర్చునే కుర్చీ ఏ మందస కుర్రాడిదో, ఏ కవిటి అమ్మాయిదో అయి ఉండవచ్చు. నేను అడిగేది వేరు. పత్రాలు, వేలిముద్రలు, కెమెరా రికార్డులు ఎవరి అధీనంలో ఉన్నాయి, ఎవరు పోగొట్టారు, ఎవరు చెరిపేయమన్నారు అన్నది రద్దు ఉత్తర్వులోనే పేరుతో సహా రాయాలి. అభ్యర్థి కోల్పోయిన సంవత్సరాలను వయోపరిమితికి కలపమని కూడా అందులోనే చెప్పాలి. దానికోసం వాడు మళ్లీ వకీలు ఫీజు వెతుక్కుంటూ టెక్కలి నుంచి అమరావతిలోని హైకోర్టుకు పరుగెత్తే పని ఉండకూడదు.