కలం నుంచి కెమెరాకు

వార్తకు ఆయువు ఒక్కరోజే. మరునాటి పత్రిక వచ్చేసరికి అది పాతబడిపోతుంది. కాని ఆ వార్తలోని మనుషుల కష్టసుఖాలు అక్కడితో ఆగిపోవు. ఈ సంగతి గ్రహించిన పాత్రికేయులు కొందరు కలంతోపాటు కెమెరాను కూడా చేపట్టారు. వారు తీసిన చిత్రాలను డాక్యుమెంటరీలు అంటాం. వీటిలో సాధారణంగా నటులుండరు. ఆ బతుకు బతుకుతున్నవారే తెరమీద కనిపిస్తారు.

అటువంటి పాత్రికేయులలో కె.ఎన్.టి. శాస్త్రి ఒకరు. ఆయన 1945లో కర్ణాటకలోని కోలారు బంగారు గనుల ఊరిలో పుట్టారు. మనలాగే ఆయనా తెలుగునాటికి వెలుపల పుట్టినవారే. సినిమా విమర్శకుడుగా పేరు పొంది, తరవాత తానే చిత్రాలు తీశారు.

కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో మొదలైన సురభి నాటక సమాజం సంగతి మీరు వినే ఉంటారు. అక్కడ కుటుంబమే నాటక సమాజం. పసిపిల్లలు మొదలు తాతల వరకు అందరూ వేషాలు కడతారు. ఆ కళాకారుల జీవితాన్ని శాస్త్రి 'సురభి' అనే డాక్యుమెంటరీగా మలిచారు.

ఆయన మరొక డాక్యుమెంటరీ పేరు 'హార్వెస్టింగ్ బేబీ గర్ల్స్'. తెలంగాణ లంబాడీ తండాలలో పేదరికం వల్ల తల్లిదండ్రులు ఆడశిశువులను వదులుకోవడం, దత్తత పేరుతో కొందరు వారిని అమ్ముకోవడం దాని విషయం. ఆ వేదననే 2006లో 'కమ్లి' అనే కథాచిత్రంగానూ తీశారు. ఆ ఏడాది ఉత్తమ తెలుగు చిత్రంగా దానికి జాతీయ పురస్కారం లభించింది. శాస్త్రి 2018లో కన్నుమూశారు.

ఈ రెండు డాక్యుమెంటరీలనూ పక్కపక్కన పెట్టి చూస్తే నాకొక విషయం తోస్తుంది. ఒకటి మనం గర్వించదగినది, మరొకటి సిగ్గుపడవలసినది. జాతి మేలు కోరేవాడు రెండింటినీ చూపాలి. మెచ్చుకోలు మాత్రమే చూపితే అది పొగడ్త అవుతుంది. తప్పులు మాత్రమే చూపితే నింద అవుతుంది.

ఇక మన బరంపురం సంగతి చూద్దాం. 1936లో ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినప్పుడు ఈ ఊరు అందులో చేరింది. అయినా ఇక్కడి నేతవీధులలో తెలుగు నిలిచింది. రెండేళ్ళకొకసారి జరిగే ఠాకురాణి జాతరలో అమ్మవారు పుట్టింటికి వచ్చేది నేతవారి పెద్ద దేశిబెహరా ఇంటికే. అంచున గుడి గోపురాన్ని తలపించే కుంభాలతో మెరిసే బరంపురం పట్టుకు దేశమంతటా పేరుంది. కాని మగ్గం ముందు కూర్చునే పిల్లలు తగ్గిపోతున్నారు. మగ్గం మూలపడితే పోయేది బతుకుతెరువు ఒక్కటే కాదు. పడుగు, పేక, నాడె, కండె వంటి మాటలు కూడా ఇంటినుంచి వెళ్ళిపోతాయి. పాఠ్యపుస్తకంలో అచ్చువేసినంత మాత్రాన అవి తిరిగి నోటికి రావు.

నాకు తెలిసిన ఒక నేత పెద్దాయన ఒకసారి ఇలా అన్నారు: "ఫొటోలు తీసుకుపోయినవాళ్ళు చాలామంది ఉన్నారు బాబూ! మళ్ళీ వచ్చి చూపించినవాళ్ళే లేరు." ఆ మాటలో కోపం లేదు. అందుకే అది నన్ను మరింత బాధించింది. ఒకరి బతుకును చిత్రించినవాడు వారికి ఋణపడతాడు. తిరిగి వెళ్ళి చూపడం, వారు కాదన్నదాన్ని దిద్దుకోవడం ఆ ఋణంలో మొదటి వాయిదా.

విద్యార్థులారా! ఈ పనికి పెద్ద కెమెరా అక్కరలేదు. ఒక నోటుపుస్తకం, ఓపికగా వినే చెవి చాలు. మీ వీధిలో నేత నేసేవారినో, వంటలో చేయితిరిగిన అమ్మమ్మనో అడగండి. వారి మాటలను వారి యాసలోనే రాసుకోండి. మరునాడు వెళ్ళి వారికి చదివి వినిపించండి. వారు నవ్వి, "ఇది మా మాటే" అంటే మీరు రాసినది సరిగా ఉన్నట్లే.