విద్యార్జనలో అస్తేయం

వేదం అపౌరుషేయం, దానికి కర్త లేడు, కనుక స్వామి లేడు. ఉపనిషత్తులు, బ్రహ్మసూత్రాలు, భగవద్గీత, వాటిపై శంకర భగవత్పాదుల భాష్యాలు సర్వజనుల సంపద. కానీ ఆ భాష్యానికి ఈనాటి పండితుడు ఏళ్ల తరబడి శ్రమించి వ్రాసిన తెలుగు వివరణ ఆయన శ్రమఫలం. ఈ భేదం గ్రహించని జిజ్ఞాసువు తనకు తెలియకుండానే స్తేయదోషానికి లోనవుతాడు.

వేదాధ్యయనం ముగించి వేదాంతశ్రవణానికి ఉపక్రమించిన ఒక విద్యార్థికి అటువంటి గ్రంథమే కావలసివచ్చింది. వెల అతని శక్తికి మించినది. ఇంతలో సహాధ్యాయి ఒకడు ఆ గ్రంథమంతా ఛాయాప్రతిగా అతని ఫోనుకు పంపాడు. "విద్యను విక్రయించరాదంటారు కదా గురువుగారూ, ఇది చదివితే దోషమేమిటి?" అని అతడు ప్రశ్నించాడు.

"అమ్మరాదన్న నియమం ఇచ్చేవాడికి, నాయనా. పుచ్చుకొనేవాడు దాన్ని తన హక్కుగా చేసుకోరాదు" అన్నారు గురువుగారు.

ఆ మాటలో లోకానుభవం ఉంది. మన శాస్త్రగ్రంథాలు అనేకం కర్తల సొంత వ్యయంతోనో, దాతల సాయంతోనో అచ్చవుతాయి. మొదటి ముద్రణకు పెట్టిన ధనం తిరిగి రాకపోతే రెండవ ముద్రణ ఉండదు. అప్పుడు నష్టపోయేది తరువాతి విద్యార్థే.

ధర్మబద్ధమైన మార్గాలు లేకపోలేదు. 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం కర్త గతించిన సంవత్సరం ముగిశాక 60 ఏళ్లపాటు హక్కు నిలుస్తుంది. 1950లో దివంగతుడైన రచయిత గ్రంథాలు 2011 నుండి అందరివీ. అనువాదానికైతే అనువాదకుని జీవితకాలాన్ని బట్టి వేరుగా లెక్క. శృంగేరీ పీఠంవారి 'అద్వైత శారద'లో శాంకరభాష్యాలు, కాన్పూర్ ఐఐటీవారి 'గీతా సూపర్‌సైట్'లో గీతావ్యాఖ్యానాలు ఉచితంగా లభిస్తాయి. ఖరగ్‌పూర్ ఐఐటీ నిర్వహించే జాతీయ డిజిటల్ గ్రంథాలయం, ఇంటర్నెట్ ఆర్కైవ్ ప్రాచీన ముద్రణలకు ఆకరాలు. అయితే అక్కడ కనబడినదంతా స్వేచ్ఛాగ్రంథమని భావించక కర్త కాలాన్ని, ముద్రణ సంవత్సరాన్ని పరిశీలించాలి. లౌకికవిద్యకు ఎన్.సి.ఇ.ఆర్.టి. పాఠ్యపుస్తకాలు ఆ సంస్థ వెబ్‌సైటులోనే ఉచితం. 1918లో స్థాపితమైన వేటపాలెం సారస్వత నికేతనం వంటి గ్రంథాలయాలు ఉండనే ఉన్నాయి.

ఆ విద్యార్థి ఛాయాప్రతిని తొలగించి, మూలభాష్యాన్నే గురుముఖతః ఆరంభించాడు. నడక మందగించింది; వివరణ చేతిలో ఉంటే ఒక పూటలో తెలిసే పంక్తికి ఇప్పుడు రెండు రోజులు పడుతోంది. గ్రంథకర్తకు తన స్థితిని విన్నవిస్తూ లేఖ వ్రాశాడు. ప్రత్యుత్తరం ఇంకా రాలేదు.

పతంజలి మహర్షి యమాలలో అస్తేయాన్ని మూడవదిగా పరిగణించాడు. ధ్యానధారణలకు ఎంతో ముందున్న మెట్టు అది. పుస్తకం కొనలేని దారిద్ర్యం దోషం కాదు, అడగడం అవమానం కాదు. సాధకుడు ఏ గ్రంథాన్నైనా తెరిచే ముందు అది తనకు ఎలా చేరిందో ఒక్క క్షణం విచారించుకుంటే చాలు. అధ్యయనం అక్కడే ఆరంభమవుతుంది.